వీడియో పాఠాలకు డీఆర్‌ఎం తాళం వేసే విధానం

నల్గొండలోని ఒక శిక్షణ సంస్థ గ్రూప్స్ పరీక్షల పాఠాలను రికార్డు చేసి, రుసుము కట్టిన అభ్యర్థులకు యాప్‌లో చూపించే పనిని కొంతకాలం కింద నాకు అప్పగించింది. యాప్ విడుదలైన నెల లోపే ఆ పాఠాలు మెసేజింగ్ గ్రూపుల్లో తిరగసాగాయి. అప్పటికి మేము చేసుకున్న రక్షణ అంతా వీడియో లింకును దాచిపెట్టడమే. అది ఇంటికి తాళం వేసి చాబిని చూరులో దోపి ఊరికి పోవడం వంటిది. చూరు తడమడం తెలియని దొంగ ఎక్కడా ఉండడు. ఆ తరువాతే డీఆర్‌ఎం, అంటే డిజిటల్ హక్కుల నిర్వహణ, అమర్చే పనిలో దిగాను.

దిగిన తరువాత తెలిసివచ్చింది ఏమిటంటే, ఈ తాళం సరిగ్గా పడకపోతే దాని దెబ్బ డబ్బు కట్టిన విద్యార్థికే ముందు తగులుతుంది. దేవరకొండ దగ్గరి తండాలోనో, అచ్చంపేట దాటి అమ్రాబాద్ గుట్టల మీదనో చవక ఫోను పట్టుకుని కూర్చున్న అభ్యర్థికి నల్లటి తెర కనిపిస్తే, అతను దొంగ వీడియో కోసమే వెతుక్కుంటాడు. అందుకని ఈ వివరణలో ప్రతి మెట్టు దగ్గరా ఆ అభ్యర్థిని దృష్టిలో పెట్టుకున్నాను. జావాస్క్రిప్ట్‌తోనో కాట్లిన్‌తోనో చిన్న యాప్ రాసిన అనుభవం ఉన్నవారు దీన్ని అనుసరించగలరు.

కోడ్‌కు ముందు కాగితం

ఏ లైబ్రరీని ఎంచుకోవాలన్న ప్రశ్నతో పని మొదలుపెట్టకండి. సంస్థ యజమానితో కూర్చుని కొన్ని నిర్ణయాలను కాగితం మీద రాయించుకోండి. కోర్సు ఎన్ని నెలలు చెల్లుతుంది? ఒక్కొక్కరు ఎన్ని ఫోన్లలో చూడవచ్చు? డౌన్‌లోడ్ చేసుకుని నెట్ లేకుండా చూడనిస్తారా, చూడనిస్తే ఎన్ని రోజులు? తరగతి గదిలో ల్యాప్‌టాప్‌ను ప్రొజెక్టర్‌కు తగిలించి ఇవే వీడియోలను చూపిస్తారా? చివరి ప్రశ్న అల్పంగా అనిపిస్తుంది కాని, దాని వల్ల వచ్చే చిక్కు ఏమిటో కింద చెబుతాను.

ఈ కాగితం ఎందుకంటే, ప్లేయర్ లైబ్రరీ తనంతట తానుగా ఏ నిర్ణయమూ తీసుకోదు. అది ఫోన్‌లోని తాళం యంత్రానికీ మీ సర్వర్‌కూ మధ్య ఉత్తరాలు మోసే పోస్ట్‌మ్యాన్ మాత్రమే. ఎవరు చూడవచ్చు, ఎంతకాలం చూడవచ్చు, ఎంత నాణ్యతతో చూడవచ్చు అన్నవన్నీ సర్వర్ ఇచ్చే లైసెన్సులో రాసి ఉంటాయి. ఆ లైసెన్సులో ఏమి రాయాలో తేల్చుకోకుండా లైబ్రరీని అమర్చితే, అది ఏ షరతులతో వస్తే ఆ షరతులే మీ సంస్థ నియమాలైపోతాయి.

ఎవరి పని ఏది

మొత్తం అమరికలో నాలుగు భాగాలు ఉంటాయి. వీడియోను ముక్కలు చేసి ఎన్‌క్రిప్ట్ చేసేది ప్యాకేజర్. చాబిని షరతులతో కలిపి ఇచ్చేది లైసెన్సు సర్వర్. తెర మీద బొమ్మను నడిపేది ప్లేయర్ లైబ్రరీ. వీటన్నిటికీ అడుగున, బ్రౌజర్‌లోనో ఫోన్‌లోనో కూర్చుని నిజంగా తాళం తీసేది కంటెంట్ డిక్రిప్షన్ మాడ్యూల్; దీన్ని అందరూ సీడీఎం అంటారు. షాకా ప్లేయర్ వంటి లైబ్రరీల మూలకోడ్ అందరికీ తెరిచి ఉంటుంది, సీడీఎం మాత్రం మూసి ఉన్న పెట్టె. దాన్ని మీరు డౌన్‌లోడ్ చేసుకుని యాప్‌లో కలుపుకోలేరు. అది పరికరంతోనో బ్రౌజర్‌తోనో పాటు వస్తుంది.

ఆండ్రాయిడ్ ఫోన్లలోనూ క్రోమ్, ఫైర్‌ఫాక్స్ బ్రౌజర్లలోనూ ఉండే సీడీఎం పేరు వైడ్‌వైన్. దాన్ని తయారు చేసిన సంస్థను గూగుల్ 2010లో కొన్నది. ఆపిల్ పరికరాలకు ఫెయిర్‌ప్లే, మైక్రోసాఫ్ట్ వైపు ప్లేరెడీ ఉన్నాయి. వెబ్‌లో ఈ మూడింటితోనూ ఒకే తీరుగా మాట్లాడటానికి ఎన్‌క్రిప్టెడ్ మీడియా ఎక్స్‌టెన్షన్స్, క్లుప్తంగా ఈఎంఈ, అనే ప్రమాణాన్ని వెబ్ ప్రమాణాలను తయారుచేసే డబ్ల్యూ3సీ సంస్థ 2017 సెప్టెంబరు 18న సిఫారసుగా ప్రకటించింది. దాని మీద అప్పట్లో పెద్ద వివాదమే నడిచింది. మూసిన పెట్టెను వెబ్ ప్రమాణంలోకి తేవడాన్ని చాలామంది వ్యతిరేకించారు. ఆ అభ్యంతరంలో బలం ఉందని నేనూ అనుకుంటాను, కాని శిక్షణ సంస్థకు ఇప్పుడు వేరే దారి లేదు.

ఇక్కడ ఒక భ్రమను తొలగించుకోవాలి. వీడియోను ముక్కలుగా పంపే హెచ్‌ఎల్‌ఎస్ అనే పద్ధతిలో ఏఈఎస్-128 అనే సాదా ఎన్‌క్రిప్షన్ ఉంది. దాన్ని పెట్టి డీఆర్‌ఎం పెట్టామని చెప్పుకునేవారు ఉన్నారు. ఆ పద్ధతిలో చాబి ఒక మామూలు వెబ్ చిరునామా నుంచి నేరుగా ప్లేయర్ చేతికి వస్తుంది. బ్రౌజర్‌లో నెట్‌వర్క్ ట్యాబ్ తెరవడం వచ్చిన ఎవరికైనా ఆ చాబి దొరుకుతుంది. డీఆర్‌ఎంలో చాబి మీ కోడ్ చేతికి ఎప్పుడూ రాదు. సీడీఎంకు మాత్రమే అర్థమయ్యేలా మూటకట్టి వస్తుంది. తేడా అంతా ఇందులోనే ఉంది.

వీడియోను ఎన్‌క్రిప్ట్ చేయడం

ముందుగా ఎఫ్ఎఫ్ఎంపెగ్ అనే వీడియో మార్పిడి పనిముట్టుతో ప్రతి పాఠాన్ని 240పీ, 360పీ, 480పీ, 720పీ పరిమాణాల్లో తయారు చేసుకోండి. అన్నింటిలోనూ కీఫ్రేములు, అంటే ముందు బొమ్మల మీద ఆధారపడని పూర్తి బొమ్మలు, ఒకే సమయాల్లో పడేలా చూసుకోవాలి, లేకపోతే నెట్ వేగం మారినప్పుడు ప్లేయర్ ఒక పరిమాణం నుంచి మరొకదానికి సాఫీగా మారలేదు. ఇక్కడే ఒక మాట: బోర్డు మీద సుద్దముక్కతో రాసిన అక్షరం 360పీలో చదవగలిగేలా ఉందో లేదో మీ కళ్లతో చూడండి. లేకపోతే తాళం సంగతి తరువాత, ముందు కెమెరాను బోర్డుకు దగ్గరగా జరపమని చెప్పండి.

ఎన్‌క్రిప్షన్‌కు షాకా ప్యాకేజర్ సరిపోతుంది. అది ఉచితం, కమాండ్ లైన్ నుంచి నడుస్తుంది. దానికి ప్రతి చాబికీ రెండు విలువలు ఇవ్వాలి: చాబి గుర్తింపు సంఖ్య ఒకటి, చాబి మరొకటి. రెండూ 16 బైట్లు, అంటే హెక్సాడెసిమల్‌లో 32 అక్షరాలు. వీటిని యాదృచ్ఛిక సంఖ్యలిచ్చే నమ్మకమైన పనిముట్టుతో పుట్టించండి. గుర్తింపు సంఖ్య వీడియో ఫైల్‌లో బహిరంగంగానే ఉంటుంది. చాబి మాత్రం సర్వర్ దాటి బయటికి రాకూడదు. యాప్ లోపల ఎక్కడో స్ట్రింగ్‌గా రాసి దాచిన చాబిని ఏపీకే ఫైల్ విప్పి చదవడం ఎంతసేపో పట్టదు.

కోర్సు మొత్తానికి ఒకే చాబి వాడే ప్రలోభం కలుగుతుంది. అలా చేస్తే ఒక్క చాబి బయటపడిన రోజు పాఠాలన్నీ బయటపడినట్టే. పాఠానికో చాబి పెట్టుకోండి. ఒక పాఠంలోనూ శబ్దానికి ఒకటి, 480పీ వరకు ఉన్న వాటికి ఒకటి, 720పీకి మరొకటి అని విడదీయండి. షాకా ప్యాకేజర్ మామూలుగా 768×576 పిక్సెళ్ల పరిమాణాన్ని మామూలు నాణ్యతకు హద్దుగా తీసుకుంటుంది కాబట్టి 480పీ ఆ హద్దు లోపలే ఉంటుంది. ఇలా విడదీయడం వల్ల చవక ఫోనుకు 720పీ చాబి ఇవ్వకుండా, 480పీ చాబి మాత్రం ఇచ్చి పాఠం నడిపించవచ్చు. అన్నింటికీ ఒకే చాబి ఉంటే ఇస్తే మొత్తం ఇవ్వాలి, లేకపోతే మొత్తం ఆపాలి, మధ్యేమార్గం ఉండదు.

తరువాత ఎన్‌క్రిప్షన్ పద్ధతిని ఎంచుకోవాలి. కామన్ ఎన్‌క్రిప్షన్ అనే ఐఎస్ఓ ప్రమాణం పుణ్యమా అని ఒకసారి ఎన్‌క్రిప్ట్ చేసిన ఫైల్‌ను వేర్వేరు డీఆర్‌ఎంలు తెరవగలవు. ఆ ప్రమాణంలో వాడుకలో ఉన్న పద్ధతులు ముఖ్యంగా రెండు. సెంక్ అనేది ఏఈఎస్ కౌంటర్ పద్ధతి. సీబీసీఎస్ అనేది ఏఈఎస్ సీబీసీ పద్ధతి. వీడియోలో ప్రతి పది దిమ్మెల్లో ఒకదాన్నే ఎన్‌క్రిప్ట్ చేసి తొమ్మిదింటిని వదిలేస్తుంది. ఫెయిర్‌ప్లేకు సీబీసీఎస్ ఒక్కటే పనికొస్తుంది. ఆండ్రాయిడ్‌లో సీబీసీఎస్ 7.1 వెర్షన్ నుంచి పనిచేస్తుంది, అంతకంటే పాతవాటికి సెంక్ కావాలి. మీ అభ్యర్థుల్లో ఐఫోన్ వాళ్లు ఉంటే సీబీసీఎస్‌తో ఒకే కట్ట తయారు చేసుకోవడం మేలు. అందరూ ఆండ్రాయిడ్ వాళ్లే అయితే సెంక్‌తో పోతే ఏ పాత ఫోనూ అడ్డం తిరగదు. రెండు కట్టలూ ఉంచుకోవచ్చు కాని నిల్వ ఖర్చు రెట్టింపవుతుంది.

ఇప్పుడు నేను చేసిన పొరపాటు చెబుతాను. ప్యాకేజర్‌లో క్లియర్ లీడ్ అనే అమరిక ఉంది. మీరు ఏమీ చెప్పకపోతే అది వీడియో మొదటి 5 సెకన్ల భాగాన్ని ఎన్‌క్రిప్ట్ చేయకుండా వదిలేస్తుంది. లైసెన్సు వచ్చేలోపు బొమ్మ కదలడం మొదలైతే చూసేవాడికి ఆలస్యం తెలియదన్నది దాని ఉద్దేశం. నాకు ఆ సంగతి తెలియదు. పాఠం తెరిచి, బొమ్మ కదలగానే పని అయిపోయిందనుకుని, యజమానికి ఫోన్ చేసి చెప్పేశాను. మరునాడు పొద్దున్నే విద్యార్థుల ఫోన్లు మొదలయ్యాయి: సారు నమస్కారం పెట్టేదాకా వస్తుంది, ఆ తరువాత ఆగిపోతుంది. నా లైసెన్సు సర్వర్ అసలు పనిచేయనే లేదు; నేను చూసింది తాళం వేయని ముక్కను. కాబట్టి పరీక్షించే రోజుల్లో క్లియర్ లీడ్‌ను సున్నాకు మార్చండి. అంతా కుదిరాక, లైసెన్సు రావడం నెమ్మదిగా ఉంటేనే మళ్లీ పెట్టుకోండి.

క్లియర్ కీతో చేయి తిప్పుకోవడం

వైడ్‌వైన్ లైసెన్సు సేవతో ఒప్పందం కుదరకముందే మీ ప్లేయర్ కోడ్‌ను పరీక్షించుకునే వీలు ఉంది. ఈఎంఈ ప్రమాణం ప్రకారం ప్రతి బ్రౌజర్‌లోనూ క్లియర్ కీ అనే ఒక సాదా చాబి విధానం ఉండాలి. ఇందులో లైసెన్సు అంటే చిన్న జేసన్ పాఠమే. దానిలో చాబి గుర్తింపు సంఖ్య, చాబి రెండూ కనిపించేలా ఉంటాయి. కాబట్టి ఇది రక్షణకు పనికిరాదు, అభ్యాసానికి మాత్రం దీన్ని మించింది లేదు.

ఇక్కడ అందరూ తడబడే చోటు ఒకటే. ప్యాకేజర్‌కు హెక్సాడెసిమల్‌లో ఇచ్చిన విలువలను ఇక్కడ బేస్64 యూఆర్ఎల్ రూపంలో ఇవ్వాలి. అంటే కూడిక గుర్తు బదులు అడ్డగీత, వాలుగీత బదులు అండర్‌స్కోర్ రావాలి, చివర సమాన చిహ్నాలు ఉండకూడదు. చివరి సమాన చిహ్నాలు తీసేసి, మొదటి రెండు గుర్తులను మార్చడం మరచిపోతే కొన్ని చాబీలతో పనిచేసి కొన్నింటితో పనిచేయదు. ఆ గుర్తులు అన్ని చాబీల్లోనూ రావు గనుక తప్పు ఎక్కడుందో పట్టుకోవడానికి ఒక పూట పోతుంది. ఇంకొకటి, ఈఎంఈ సురక్షితమైన పేజీలోనే పనిచేస్తుంది. మీ కంప్యూటర్‌లో లోకల్‌హోస్ట్ మీద నడుస్తుంది కాని, అదే పేజీని ఐపీ చిరునామాతో ఫోన్‌లో తెరిస్తే హెచ్‌టీటీపీఎస్ లేదు కాబట్టి నడవదు.

బ్రౌజర్‌లో అమరిక

షాకా ప్లేయర్‌లో మీరు రాయవలసింది చాలా కొంచెం. డీఆర్‌ఎం అమరికలో వైడ్‌వైన్ పేరుకు ఎదురుగా లైసెన్సు సర్వర్ చిరునామా ఇచ్చి, వీడియో ముక్కల జాబితా ఉండే మ్యానిఫెస్ట్ ఫైల్‌ను లోడ్ చేయమని చెప్పడమే. మిగిలిన వరుసంతా లైబ్రరీ నడుపుతుంది. అయినా ఆ వరుస మీకు తెలిసి ఉండాలి. వీడియోలో తాళం ఉందని బ్రౌజర్ గమనించగానే ఫైల్‌లోని పీఎస్‌ఎస్‌హెచ్ అనే పెట్టెలో ఉన్న సమాచారాన్ని లైబ్రరీకి అందిస్తుంది. లైబ్రరీ ఒక సెషన్ తెరిచి ఆ సమాచారాన్ని సీడీఎంకు ఇస్తుంది. సీడీఎం దాని నుంచి లైసెన్సు కోసం ఒక అర్జీ తయారు చేస్తుంది. ఆ అర్జీని లైబ్రరీ సర్వర్‌కు పంపి, వచ్చిన జవాబును తిరిగి సీడీఎంకు ముట్టజెబుతుంది. చాబీ పరిస్థితి ఏమిటో సీడీఎం ఆ తరువాత తెలియజేస్తుంది.

ఈ అర్జీ, జవాబు రెండూ అక్షరాలు కావు, ముడి బైట్లు. మధ్యలో మీ సర్వర్ వాటిని వచనంగా చదివి మళ్లీ రాసిందంటే బైట్లు చెడిపోయి, సీడీఎం జవాబును తిరస్కరిస్తుంది. కొన్ని సేవలు జవాబును జేసన్‌లో చుట్టి పంపుతాయి. అప్పుడు, జవాబు సీడీఎంకు చేరేముందు నడిచే రెస్పాన్స్ ఫిల్టర్‌లో ఆ చుట్టను విప్పి బైట్లను మాత్రమే అందించాలి.

అర్జీ ఎవరి నుంచి వచ్చిందో తెలియడానికి రిక్వెస్ట్ ఫిల్టర్‌లో విద్యార్థి టోకెన్‌ను జతచేయండి. లైసెన్సు రకం అర్జీలకే జతచేయాలి, వీడియో ముక్కల అర్జీలకు అక్కరలేదు. వైడ్‌వైన్ సేవ అమ్మే కంపెనీ సర్వర్‌కు నేరుగా పంపకుండా మధ్యలో మీ సొంత సర్వర్‌ను నిలపండి. అది టోకెన్ చూసి, కోర్సు రుసుము కట్టారా, గడువు ఉందా, ఫోన్ల లెక్క దాటిందా అని సరిచూసుకుని, ఆ తరువాతే అర్జీని ముందుకు పంపాలి. మొదట రాసుకున్న కాగితం పనికొచ్చేది ఇక్కడే. టోకెన్ కొద్ది నిమిషాలే చెల్లాలి. మీ పేజీ ఒక డొమైన్‌లో, లైసెన్సు సర్వర్ మరో డొమైన్‌లో ఉంటే సర్వర్ కార్స్ అనుమతులు, అంటే వేరే డొమైన్ పేజీ నుంచి వచ్చే అర్జీలకు అనుమతులు, ఇవ్వాలి. టోకెన్ హెడర్ ఉంది కనుక బ్రౌజర్ ముందుగా ఆప్షన్స్ అర్జీ పంపుతుందని, దానికీ జవాబివ్వాలని మరచిపోకండి.

ఇక ప్రొజెక్టర్ సంగతి. లైసెన్సులో హెచ్‌డీసీపీ ఉండాలన్న షరతు పెట్టవచ్చు. బయటి తెరకు పోయే తీగ మీద కూడా రక్షణ ఉండాలన్నది దాని అర్థం. పాత ప్రొజెక్టర్లకు వాడే వీజీఏ తీగకు ఆ రక్షణ ఉండదు. అప్పుడు చాబీ పరిస్థితి నిర్బంధిత అవుట్‌పుట్ అని వస్తుంది, గది నిండా కూర్చున్న విద్యార్థుల ముందు ఉపాధ్యాయుడు నల్లటి గోడను చూస్తూ నిలబడతాడు. శిక్షణ పాఠాలకు ఆ షరతు అవసరం లేదని నా అభిప్రాయం. కొత్త సినిమాకు పెట్టే కట్టుదిట్టాలన్నీ భారత రాజ్యాంగం పాఠానికి పెట్టనక్కరలేదు.

ఆండ్రాయిడ్‌లో అమరిక

ఆండ్రాయిడ్‌లో సీడీఎంతో మాట్లాడే మీడియా డీఆర్‌ఎం అనే ఏపీఐ 4.3 వెర్షన్ నుంచి ఉంది. దాన్ని నేరుగా వాడవలసిన పని లేదు. జెట్‌ప్యాక్ మీడియా3 లోపలి ఎక్సోప్లేయర్ ఆ పని చేస్తుంది. పాత ఎక్సోప్లేయర్‌ను విడి లైబ్రరీగా పెంచడం ఆపేశారు కాబట్టి కొత్తగా మొదలుపెట్టేవారు మీడియా3నే తీసుకోండి. మీడియా ఐటమ్ తయారు చేసేటప్పుడు డీఆర్‌ఎం కాన్ఫిగరేషన్‌లో వైడ్‌వైన్ గుర్తింపు, లైసెన్సు చిరునామా, టోకెన్ హెడర్ ఇవ్వండి. పైన చెప్పినట్టు చాబీలను విడదీసి ఉంటే మల్టీ సెషన్ అమరికను ఆన్ చేయాలి. క్లియర్ లీడ్ వాడితే శబ్దానికీ వీడియోకూ సెషన్లను మొదటి నుంచే తెరిచి ఉంచమని చెప్పాలి, లేకపోతే తాళం లేని ముక్క నుంచి తాళం ఉన్న ముక్కకు మారేటప్పుడు డీకోడర్ మారి చిన్న తడబాటు వస్తుంది.

బొమ్మను చూపడానికి సర్ఫేస్ వ్యూనే వాడండి. టెక్స్చర్ వ్యూ మీద సురక్షిత వీడియో రాదు. ఆ తెరకు ఫ్లాగ్ సెక్యూర్ పెడితే స్క్రీన్‌షాట్, స్క్రీన్ రికార్డింగ్ ఆగుతాయి. ఇది ఒక్క వరుస కోడ్. పెట్టకపోవడానికి కారణం ఏదీ లేదు.

వైడ్‌వైన్‌లో భద్రతా స్థాయిలు ఉన్నాయి. ఎల్1 ఉన్న ఫోనులో తాళం తీయడం, వీడియోను విప్పడం రెండూ ప్రాసెసర్‌లోని ప్రత్యేక సురక్షిత భాగంలో జరుగుతాయి. ఎల్3లో అంతా సాఫ్ట్‌వేర్‌లోనే జరుగుతుంది. చవక ఫోన్లలో కొన్ని ఎల్3తోనే వస్తాయి. బూట్‌లోడర్ (ఫోన్‌ను మొదట నడిపించే ప్రోగ్రాము) తాళం విప్పిన ఫోన్లు కొన్ని ఎల్1 నుంచి ఎల్3కి దిగిపోతాయి. ఎల్1 లేనివారికి పాఠమే ఇవ్వకూడదని యజమాని పట్టుబట్టవచ్చు, మా యజమాని పట్టుబట్టాడు. విద్యార్థుల ఫోన్లు తెప్పించి చూపించాక మెత్తబడ్డాడు. ఎల్3కి 480పీ, ఎల్1కి 720పీ అన్నది న్యాయమైన ఏర్పాటు. మీ చేతిలో ఎల్1 ఫోనే ఉన్నా, మీడియా డీఆర్‌ఎంలో సెక్యూరిటీ లెవెల్ లక్షణాన్ని ఎల్3గా మార్చి ఆ అనుభవాన్ని మీరే చూడవచ్చు.

నెట్ లేని చోట పాఠం

మా వైపు ఈ అధ్యాయమే అన్నింటికంటే ముఖ్యం. పొద్దున నల్గొండకో మహబూబ్‌నగర్‌కో వచ్చి కళాశాల వైఫైలో పాఠాలు దించుకుని, రాత్రి ఊళ్లో చదువుకునేవారి కోసం ఆఫ్‌లైన్ లైసెన్సు కావాలి.

దీనికి మీడియా3లో ఆఫ్‌లైన్ లైసెన్స్ హెల్పర్ ఉంది. వీడియోలోని డీఆర్‌ఎం సమాచారాన్ని దానికి ఇస్తే సర్వర్ నుంచి నిల్వ ఉండే లైసెన్సు తెచ్చి, దాన్ని ఫోనులో దాచి, కీ సెట్ ఐడీ అనే చిన్న బైట్ల కట్టను మీకు ఇస్తుంది. ఆ కట్టను డౌన్‌లోడ్ వివరాలతో పాటు మీ డేటాబేస్‌లో భద్రపరచండి. మళ్లీ పాఠం తెరిచినప్పుడు దాన్ని డీఆర్‌ఎం కాన్ఫిగరేషన్‌లో ఇస్తే చాలు, నెట్ అక్కరలేదు. అది పోతే లైసెన్సు ఫోనులో ఉన్నా అందదు. హెల్పర్ పని ముగిసేదాకా దాన్ని పిలిచిన థ్రెడ్ ఆగి ఉంటుంది కాబట్టి దాన్ని ప్రధాన థ్రెడ్‌లో నడపకండి.

సర్వర్ వైపు, లైసెన్సులో నిల్వకు అనుమతి ఉండాలి. గడువులు మూడు రకాలు: మొత్తం లైసెన్సు చెల్లే కాలం, చూడడం మొదలుపెట్టకముందు ఉంచుకోగల కాలం, ఒకసారి మొదలుపెట్టాక చూడగల కాలం. సినిమా అద్దెకిచ్చే సేవల కోసం పుట్టిన మూడో గడువును 48 గంటలకు పెట్టి ఉంచితే, పాఠాన్ని సోమవారం సగం విని గురువారం మిగతా సగం వినబోయిన విద్యార్థి తలుపు బయట నిలబడతాడు. పాఠాలకు ఆ గడువును పెట్టకండి. మొత్తం గడువును 30 రోజులు ఉంచి, నెట్ దొరికిన ప్రతిసారీ మిగిలిన కాలాన్ని యాప్ తనే చూసుకుని, వారం కంటే తక్కువ ఉంటే చడీచప్పుడు లేకుండా పునరుద్ధరించేలా రాయండి. మిగిలిన సెకన్లు ఎన్నో అదే హెల్పర్ చెబుతుంది.

మరో చిక్కు ఉంది. ఫోనులో వైడ్‌వైన్ వాడకం కొత్త అయితే, అది ముందుగా గూగుల్ సర్వర్ నుంచి పరికర ధ్రువపత్రం తెచ్చుకుంటుంది. దీన్ని ప్రొవిజనింగ్ అంటారు. దీనికి నెట్ తప్పనిసరి. అందుకే డౌన్‌లోడ్ బటన్ నొక్కగానే ముందు లైసెన్సు తెచ్చి, అది చేతికి వచ్చాకే వీడియో ముక్కలను దించండి. వీడియో ముందు, లైసెన్సు తరువాత అన్న వరుసలో రాస్తే, 300 ఎంబీ దించుకుని బస్సెక్కిన విద్యార్థి కొల్లాపూర్‌లో దిగాక తాళం ఉన్న పెట్టెను మాత్రమే చూస్తాడు.

డెస్క్‌టాప్ బ్రౌజర్లలో నిల్వ లైసెన్సుల మీద ఆధారపడకండి. ఆఫ్‌లైన్ అంటే యాప్ అనే అనుకోండి.

ఐఫోన్ వారికి

ఐఫోన్‌లో ఏవీ కంటెంట్ కీ సెషన్ ద్వారా ఫెయిర్‌ప్లే నడుస్తుంది. ఆపిల్ నుంచి ధ్రువపత్రం కోసం విడిగా దరఖాస్తు చేసుకోవాలి. ఫోన్ పంపే అర్జీని ఎస్‌పీసీ అని, సర్వర్ ఇచ్చే జవాబును సీకేసీ అని అంటారు. ఆలోచన వైడ్‌వైన్‌దే, మూట కట్టే తీరు వేరు. సిమ్యులేటర్‌లో ఫెయిర్‌ప్లే నడవదు, నిజమైన ఫోను కావాలి.

తాళానికి అందనివి

ఒక ఫోను తెరను మరో ఫోను కెమెరాతో రికార్డు చేస్తే ఏ డీఆర్‌ఎమూ ఆపలేదు. దానికి వాటర్‌మార్క్ ఒక్కటే కొంత మందు. విద్యార్థి నమోదు సంఖ్యను లేత అక్షరాలతో, అప్పుడప్పుడు చోటు మారేలా వీడియో మీద చూపించండి. పూర్తి ఫోను నంబరు చూపించకండి. వీడియో బయటికి పోతే ఆ విద్యార్థి నంబరు ఊరంతా పోతుంది. చట్టం వైపు చూస్తే, 1957 కాపీరైట్ చట్టానికి 2012లో చేసిన సవరణ 65ఏ సెక్షన్‌ను చేర్చింది. హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో ఇటువంటి సాంకేతిక తాళాన్ని తప్పించేవారికి రెండేళ్ల వరకు జైలు, జరిమానా ఉంటాయి. ఈ మాటను యాప్ నియమాల్లో తెలుగులో రాయించండి.

లోపాల సంకేతాలు, సందేశాలు

విడుదలకు ముందు కనీసం ఒక ఎల్3 ఫోను, ఒక పాత ఆండ్రాయిడ్ ఫోను, అప్పుడే రీసెట్ చేసిన ఫోను ఒకటి దగ్గర పెట్టుకోండి. ఒక్కొక్కదానిలో పాఠాన్ని మొదటి నిమిషం దాటేదాకా నడపండి, మధ్యలోకి జరపండి, విమానం మోడ్ పెట్టి మళ్లీ తెరవండి, తేదీని రెండు నెలలు ముందుకు జరిపి చూడండి.

లోపం వచ్చినప్పుడు వచ్చే సంఖ్యలను చదివేటప్పుడు ఏ లైబ్రరీ సంఖ్యో చూసుకోండి. మీడియా3, షాకా ప్లేయర్ రెండూ డీఆర్‌ఎం లోపాలకు 6000 వరుసనే వాడతాయి, అర్థాలు మాత్రం వేరు. 6008 అంటే మీడియా3లో లైసెన్సు గడువు ముగిసిందని. షాకాలో సర్వర్ ఇచ్చిన జవాబును సీడీఎం తిరస్కరించిందని. వెబ్‌కూ యాప్‌కూ ఒకే ఫిర్యాదుల పట్టిక పెట్టుకుని నేను రెండు రోజులు తప్పుదారిలో వెతికాను. మీడియా3లో 6002 అంటే ప్రొవిజనింగ్ కాలేదని, 6004 అంటే లైసెన్సు తేవడం కుదరలేదని.

ఈ సంఖ్యలను మీ రికార్డుల్లో దాచుకోండి, విద్యార్థికి మాత్రం చేయవలసిన పని చెప్పండి. 6002కు "ఒకసారి నెట్ ఆన్ చేసి పాఠం తెరవండి" అని, 6004కు ముందు టోకెన్‌ను మార్చి యాప్ తనే ఇంకోసారి ప్రయత్నించి అప్పటికీ కాకపోతే "నెట్ సరిచూసుకుని మళ్లీ తెరవండి" అని, 6008కి "పాఠం గడువు ముగిసింది, నెట్ ఆన్ చేస్తే దానంతట అదే కొత్తదవుతుంది, ఫోన్‌లో తేదీ సరిగా ఉందో చూడండి" అని చూపించండి. మా యాప్‌లో ఈ మూడు వాక్యాలను పెట్టిన వారం నుంచి పొద్దున్నే వచ్చే ఫోన్లు చాలావరకు ఆగిపోయాయి.